ఆఖరి భాగంలో ఒక్క మాట

కడప. మధ్యాహ్నం. భువన జిరాక్స్ షాపులో ఆయేషా కూర్చుని ఉంది. జపాన్ అనిమేలకు తెలుగు సబ్‌టైటిల్స్ పెట్టే ఛానెల్ ఇద్దరిదీ.

“తిట్లు తగ్గినాయా భువనా?”

“రోంత తగ్గినాయిలే. అన్నం తిను ముందు.”

“ఏమంటాండారో చదువు. విందాం.”

“‘మూడేండ్లు చూసినాం, ఆఖరి భాగంలో ఒక్క మాట సక్కగా రాయలేరా’ అంట. ఇంగొకడు ఛానెల్ మూసుకోని సంగటి కెలుక్కోపోండి అంటాడు.”

“సంగటి మంచిదే గదా.”

“నవ్వాకు మే. తప్పు మనదే. కథలో లోకమంతా మునిగిపోతాది, ఆ హీరోయిన్ పిల్ల నీళ్ళలోకి నడుస్తా ‘పోతాండా’ అంటాది. అయిపాయె కథ. నువ్వేమో కింద ‘పోయొస్తా’ అని రాస్తివి.”

“మన ఇండ్లల్లో ఎవురన్నా ‘పోతాండా’ అంటారా? పోయొస్తా అనే అంటాం.”

“మనం అంగడికి పోతాం. అది సావబోతాంది! సగం మంది ఇంగో సీజన్ ఉండాదని ఎగురుతాండారు. తీసినోళ్ళే లేదని చెప్పినాక మనమెవురు?”

“అనుకోనీ. నాకు ఓపిక లేదు.”

“నాకు మాత్రం ఉండాదా? నిద్ర లేక కండ్లు మండుతాండాయి. ఒక్క మాట మారిస్తే ఏం పోతాది చెప్పు?”

“మార్చొద్దని నిన్ననే అంటి గదా.”

“అదే, ఎందుకు?”

“బాగుండాది, అందుకే.”

“ఆయేషా, నా పక్క చూసి చెప్పు.”

“…మంగంపేట క్రాంతి కుమార్ లేడా?”

“ముగ్గురాయి గనిలో లోడింగు పని చేస్తాడే, ఆయప్పేనా? అన్నిటికీ ఫస్టు కామెంటు పెడతాడు.”

“ఊఁ. మొగుడూ పెండ్లాలు కలిసి చూసేవాళ్ళంట ఈ సీరియల్. ఆయమ్మ పోయినేడు చనిపోయింది. ‘ఇది అయిపోయేదాంక ఉంటాలే అక్కా, ఆ తర్వాత నా పని గూడా అయిపోతాది’ అని నాకు రాసినాడు.”

“ఉత్తగ అనింటాడు.”

“నేనూ అట్లే అనుకుంటి. మొన్న ఇంట్లో కోళ్ళన్నీ పక్కింటోళ్ళకు ఇచ్చేసినానని రాసినాడు. నాకు బయ్యమైంది భువనా. ఏం చెప్పాల్నో తెలీక ఆఖర్న ‘పోయొస్తా’ అని రాస్తి. చూసినాడు. ‘ఇంగో సీజన్ ఎప్పుడొస్తాదక్కా’ అని అడిగినాడు. వచ్చే ఏడాది అంటి. అబద్ధమే.”

“నేను… పొద్దన్నే మార్చేసినా.”

“ఏమి?”

“తిట్లు పడలేక. సారీ గూడా పెట్టినా. ఆ పిల్ల చచ్చిపోయింది, ఇంగో సీజన్ లేదు అని.”

“యా అల్లా! ఆయప్ప చూసినాడా?”

“చూసినాడు. ‘సరే అక్కా’ అని పెట్టినాడు. అంతే.”

“నా ఫోను యాడ? ఇయ్యి ఈడికి. …రింగైతాండాది. ఎత్తప్పా, ఎత్తు…”

“ఎత్తినాడా?”

“హలో? క్రాంతీ? నేను, ఛానెల్ ఆయేషక్కను. అవునప్పా, నీకు అబద్ధం చెప్పినా. తిట్టు. ఎంతసేపన్నా తిట్టు. ఫోన్ మాత్రం పెట్టేయాకు.”