రాన్ అంకుల్ రేసు కారు, నాలుగు నిమ్మకాయలు

2005, ఇంగ్లండ్‌లోని స్విండన్. ఆదివారం భర్త భోజనానికి కూర్చున్నాక భార్య ఫ్రిజ్ తెరిచింది.

"నాలుగు నిమ్మకాయలుండాలి. ఒకటి కోసేశారా?"

"పప్పులోకి పిండుకున్నాను. దానికీ నీ పర్మిషన్ కావాలా?"

"పక్కింటి రాన్ అంకుల్ పాల్గొన్న, కార్లు గుద్దుకుంటూ పరిగెత్తే స్టాక్‌కార్ రేసుల మీద డాక్యుమెంటరీ తీయడానికి టీవీవాళ్ళు రేపొస్తున్నారు. ఆయన కారుకి చక్రానికొకటి పెట్టి చూపించాలి."

"చనిపోయినాయన సినిమాలో మన నిమ్మకాయలెందుకు? మా ఆఫీసులో నవ్వుతారు."

"మన కొత్త కారు పూజ చూసి తన కారుకీ పెట్టమని ఆయనే అడిగారు. ఆ తర్వాత ప్రతి రేసుకీ నాచేతే పెట్టించుకున్నారు."

"అయినా కారు ఎప్పుడూ సొట్టలతోనే వచ్చేది."

"సొట్టలు కారుకే. ఆయనకి ఒక్క దెబ్బా తగల్లేదు."

"అదీ చెప్తావా కెమెరా ముందు?"

"చెప్తాను. చీర కూడా ఇస్త్రీ చేసుకున్నాను. మీరు అన్నం తిని ఇంకో నిమ్మకాయ తీసుకురండి."