వీధి పేరు

ఇరాక్ కువైట్‌ను ఆక్రమించి తన రాష్ట్రాల్లో ఒకటిగా కలిపేసుకున్న కొత్తలో, ఒక అరబ్బు ఇంటి వెనక గేటు దగ్గర, యజమానురాలిని ‘మామా’ అని పిలిచే ఆ ఇంటి పనిమనిషీ, బలదియాలో, అంటే అక్కడి మున్సిపాలిటీలో, వీధుల మరమ్మతు చేసే ఆమె అన్నా మాట్లాడుకుంటున్నారు.

“అన్నా, మా వీధి పేరు బోర్డు మళ్లా ఎవురు బిగించినారు?”

“నేనే. ఇసకలో పడుంటే తుడిచి బిగించినా. ఏం?”

“అది పడిపోల్యా. వీధిలో వాళ్లే పీకేసినారు.”

“ఎందుకు?”

“మిలిటరీ వాళ్లకు ఎవురిల్లు యాడుందో తెలీకూడదని. ఊరంతా పీకేసినారు.”

“నాకెవురు చెప్పినారమ్మీ? బోర్డు కింద పడుంటే పైకి కట్టేదే నా పని. బలదియాలో చేరినకాడి నుంచీ అదే చేస్తాండా.”

“పొద్దున జీపు వచ్చింది. చేతిలో అడ్రస్ పెట్టుకొని, బోర్డు కాడ ఆగి చదువుకొని, నేరుగా మా గేటుకే వచ్చినారు. మామా కొడుకును ఎక్కించుకొని పోయినారు.”

“ఇప్పుడే పోయి పీకేస్తా.”

“ఇంక ఎందుకులే.”

“నేనే బిగించినానని మామాకు తెలుసా?”

“నువ్వు నిచ్చెనెక్కింది కిటికీలోంచి చూసింది. వీధి మూలన సిపాయిలుండిరి, ఆమె ఎట్ల అరుస్తాది?”

“ఆ గిన్నెలో ఏంది?”

“అన్నం. మామానే పంపింది. అంగళ్లు మూసినారు, మీ అన్న ఏం తింటాడో అనింది.”

“నాకొద్దమ్మీ.”

“పట్టుకో. తల మాత్రం ఎత్తబాకు, ఆమె కిటికీ కాడే ఉంది.”