తోటమాలి లేని ఊరు

వరదకి ఖాళీ అయిన ఊరు ఏళ్లు గడిచేసరికి అడవైపోయింది. తిరిగొచ్చి ఉంటారో లేదో తేల్చుకోమని అధికారులు అన్నారని, ఒకప్పటి ఆ ఊరి పార్కు తోటమాలి గొడ్డలి పట్టుకుని భార్యతో పాత ఇంటికొచ్చాడు.

“ఉద్యోగం చేసినన్నాళ్లూ నీళ్లు పోస్తే ఒక్క గులాబీ పూయలేదు. నేనిలా కదిలానో లేదో, రోడ్లన్నీ పచ్చబడ్డాయి!”

“మీ చేతి మహిమ మరి.”

“జీతమిచ్చి నన్ను ఇంట్లో కూర్చోబెట్టాల్సింది.”

“చాల్లెండి. గుమ్మానికి అడ్డంగా ఉన్న ఆ చెట్టు కొట్టండి, లోపలికెళ్దాం.”

గొడ్డలెత్తినవాడల్లా ఆగిపోయాడు.

“ఇది మన జామ మొక్కే! చచ్చిపోయిందని కుండీతో సహా నేను బయట పారేశానే, అదే. ఇవిగో కుండీ పెంకులు.”

“అయ్యో, కాయలు కూడా కాసిందండీ! మరి... మనం ఇక్కడ ఉండొద్దా?”

“ఉంటే నేను ఊరుకుంటానా? నీళ్లు పోస్తాను. పాపం, ఈసారి నిజంగానే చస్తుంది. పద, పోదాం.”