దించే విద్య

తాత భుజం మీద మనవరాలు నిద్రపోతోంది. అమ్మమ్మ ఉయ్యాల పట్టుకుని నిలబడింది. ఇద్దరూ గుసగుసగా మాట్లాడుకుంటున్నారు.

"నాకివ్వండి. పోయిన నెల ఉయ్యాల్లో దబ్బున పడేశారు. దాని ఏడుపుకి వీధంతా లేచింది."

"అప్పటి చేతులు కావివి. జిమ్ మాస్టారు తయారుచేసిన చేతులు."

"రోజూ ఇంట్లో ఆ నీళ్ల డబ్బాతో చేసే కుస్తీయేగా? పైకెత్తేది నేను, మెల్లగా దించేది మీరు. పేరు మీకు, నడుంనొప్పి నాకు!"

"బరువు మెల్లగా దించేటప్పుడే కండ గట్టిపడుతుందన్నాడే! ఎత్తడానికి ఎవరి సాయమైనా తీసుకోవచ్చట."

"ఇప్పుడిది లేచిందంటే, మన అమ్మాయి మిమ్మల్ని మళ్లీ దీన్ని ముట్టుకోనివ్వదు."

"తెలుసు. నువ్వు ఊపిరి బిగబట్టు."

"నేనెందుకండీ?"

"నాకు తోడుగా. అదిగో, వీపు ఆనింది. ఇక తల... చూశావా, రెప్పైనా కదల్లేదు!"

"నిజమే! ఎంత బాగా పడుకోబెట్టారండీ! రండి, అమ్మాయికి చెబుదాం."

"నువ్వు చెప్పిరా."

"ఇంకా వంగే ఉన్నారేం?"

"నడుం పట్టేసింది."

"అయ్యో! ఇప్పుడెలాగ?"

"ఎలాగేముంది? దించడం నా వంతు అయిపోయింది. చప్పుడు కాకుండా నన్ను పైకెత్తు."