గుమ్మం బయట బరిక

కార్తేజ్ రేవు పక్కన, చేపల్ని ఉప్పులో ఊరబెట్టి ఊట తీసి అమ్మే ముత్తున్ ఇల్లు. అతని భార్య రొగాట రోము పాలకులు అడిగినా క్రీస్తును కాదననందుకు మృగాల పాలై రేపటికి మూడేళ్ళు. చర్చి నుంచి డీకన్ విక్తొరికుస్ వచ్చాడు.

“రేపు పుట్టినరోజు కదా, పాపని తీసుకెళ్దామని వచ్చా.”

“ఎవరి పుట్టినరోజు?”

“రొగాటమ్మది.”

“మా ఆవిడ ద్రాక్ష కోతలప్పుడు పుట్టింది, డీకన్ గారూ. రేపు ఆవిడ చచ్చిన రోజు.”

“మేం దాన్నే పుట్టినరోజంటాం. పరలోకంలో పుట్టిన రోజు.”

“అక్కడ పురుడు ఎవరు పోశారో.”

“ఎకసెక్కాలొద్దు, ముత్తున్. సమాధి దగ్గర భోజనాలు పెడుతున్నాం. బిషప్ గారు మీ పాప ఫెస్తని తన పక్కనే కూర్చోబెట్టుకుంటారు. పిల్లల్లేని ఆడవాళ్ళు దాని తల తాకిపోతారు.”

“కరుస్తుంది.”

“ఏంటి?”

“కొత్తవాళ్ళు ముట్టుకుంటే కరుస్తుంది. మా పనిమనిషి బరిక ఒళ్ళో ఉంటేనే ఊరుకుంటుంది. దాన్నే అమ్మా అంటుంది.”

“అది మాన్పించాలి.”

“మీరే మాన్పించండి. బరికా, ఇలా రా! రేపు పాపతో నువ్వూ వెళ్ళు.”

“నేనెందుకయ్యా? నన్ను చర్చి గుమ్మం దాటనివ్వరుగా.”

“అదే చెప్పబోతున్నా. బరిక బయటే ఉండాలి. రొగాటమ్మతో పాటే పట్టుబడింది. ఆవిడ నిలబడింది. ఇది క్రీస్తును కాదని విగ్రహం ముందు ధూపం వేసి బయటపడింది.”

“మూడేళ్ళ నుంచీ మీ గుమ్మం దగ్గర ఏడుస్తూనే ఉందిగా. ఇంకెన్నాళ్ళు?”

“చావుబతుకుల్లో ఉన్నప్పుడు ప్రభువు బల్ల దగ్గరికి రానిస్తాం.”

“మంచం పట్టమంటారు.”

“నాకు ఆ బల్ల మీది రొట్టె ముక్క ఒక్కసారి పెడితే చాలయ్యా. తర్వాత మంచమే పడతానో, మట్టే అవుతానో.”

“నియమం నియమమే, బరికా. ప్రభువు కోసం ప్రాణమిచ్చిన హతసాక్షి ఎవరైనా చనిపోయే ముందు నీ కోసం ఒక్క మాట చెప్పి ఉంటే బిషప్ గారు మన్నించేవారు. ఎవరూ చెప్పలేదే!”

“అప్పుడు మీరెక్కడున్నారు, డీకన్ గారూ?”

“నేనా? నేను... మా మామగారి తోటలో. తప్పించుకుపోవడం పాపం కాదు. ప్రభువే చెప్పాడు.”

“ఆలివ్ బాగా కాసిందా ఆ ఏడు?”

“అయ్యా, ఊరుకోండి. పెద్దాయన.”

“నువ్వుండు. రేపు మా ఆవిడ గురించి ఏం చదువుతారు?”

“ఎప్పుడూ చదివేదే. బిడ్డ ఏడుస్తున్నా ఆవిడ గుండె చలించలేదు. చెరసాలలో పాలు దేవుడే ఆపేశాడు. రొమ్ము సలుపు కూడా లేదు. అద్భుతం!”

“బిడ్డ ఆకలి కూడా ఆపాడా?”

“...అది రాయలేదు.”

“నేను చూశాను. రోజూ పాపని ఎత్తుకుని కటకటాల దగ్గరికి వెళ్ళేవాణ్ణి. వాళ్ళమ్మకి పాలు లేవు. ఊళ్ళో ఏ దాది రొమ్మూ పట్టదు. బరిక దగ్గరే తాగేది. పురిట్లో బిడ్డని పోగొట్టుకున్న బరిక. ఇది కూడా ఆ చెరసాలలోనే ఉంది, మృగాలకి తన వంతు ఎప్పుడొస్తుందా అని.”

“అయ్యా, వద్దు! ఎవరికీ చెప్పనని అమ్మగారికి ఒట్టేశాను.”

“నువ్వేశావు. నేనెయ్యలేదు.”

“దేని గురించి ఒట్టు?”

“ధూపం గురించి. ఇది వెయ్యనంది. అమ్మగారితోనే చస్తానని మొండికేసింది.”

“మరి వేసిందిగా!”

“రొగాట దీని కాళ్ళు పట్టుకుంది. పనిమనిషి కాళ్ళు. ‘నేను ప్రభువు దగ్గరికి పోతా, నువ్వెళ్ళి ధూపం వేసి నా బిడ్డకి పాలివ్వు’ అంది. మీరడిగిన ఆ ఒక్క మాట అదే, డీకన్ గారూ. రేపు అందరి ముందూ చదవండి. చదివాక దీన్ని లోపలికి పిలుస్తారో, మా ఆవిణ్ణి కూడా దీని పక్కన బయట నిలబెడతారో మీ ఇష్టం.”