చందా దవాఖానలో సరోజన గారి ప్రశ్నలు

1989వ సంవత్సరం జూన్ పన్నెండవ తేదీ సోమవారం ఉదయం బెల్లంపల్లి కార్మికవాడ ప్రజా వైద్యశాలలో సహాయ నర్సుగా అడుగుపెట్టిన శ్రీమతి సరోజన గారు, ఈ నెలాఖరున నర్సింగ్ విభాగ పర్యవేక్షకురాలి హోదాలో పదవీ విరమణ చేయనున్నారు. ఇంత సుదీర్ఘ కాలంలో ఈ వైద్యశాల పలుమార్లు చేతులు మారింది, నామఫలకం మార్చుకుంది, చివరికి సింహద్వారం సైతం దిక్కు మార్చుకుంది. తెలియనిదాన్ని తెలిసినట్లు నటించక, ఎదుటివారిని అడిగి తెలుసుకునే సరోజన గారి స్వభావం మాత్రం కించిత్తయినా మారలేదు.

ఆమె చేరిన నాటికి ఇది రెండు గదులు, ఒక వసారా మాత్రమే. గనుల్లో పనిచేసేవారు, బజారు వర్తకులు, పాలు కూరగాయలు అమ్మేవారు తలా ఇంత చందా వేసుకుని కట్టుకున్నది కావడం చేత పట్టణమంతా దీన్ని ‘చందా దవాఖాన’ అనే పిలిచేది. ప్రథమ వైద్యులు, కీర్తిశేషులు డాక్టర్ రామచంద్రం గారు ఉద్యోగార్థులను పరీక్షించి, చివరగా, “నన్నేమన్న అడిగేదున్నదా?” అని ప్రశ్నించేవారట. అందరూ జీతం గురించో సెలవుల గురించో అడిగితే, గనికార్మికుని బిడ్డ అయిన సరోజన గారు మాత్రం, “సార్, గీ దవాఖాన ఎవరిది? రేపు నాతోని తప్పయితే నేనెవరికి జవాబు చెప్పాలె?” అని అడిగారు. డాక్టర్ గారు నవ్వి, వసారాలో బల్లల మీద కూర్చున్న రోగులను చూపి, “గాళ్లకే చెప్పాలె బిడ్డా. నేను గూడ గాళ్లకే చెప్తున్న” అన్నారు. ఆ పూటే ఆమెకు ఉద్యోగం ఖాయమైంది.

తొలి దశాబ్దంలో ఆమె రోగుల వద్ద నేర్చుకున్నది పుస్తకాలలో నేర్చుకున్న దానికి ఏమాత్రం తీసిపోదు. కట్టు కడుతూనే ఏ ఊరు, ఏం పని, ఏం తింటారు, దెబ్బ ఎట్లా తగిలింది అని అడిగేవారు. భర్త శ్రీ అంకయ్య గారు గనిలో పనిచేసి ఇంటికి వస్తే అక్కడా ఇదే విచారణ. “ఈమె ప్రశ్నలకు జవాబు చెప్పుడు కన్న బొగ్గుబాయి దిగుడే అల్కగుంటది” అని ఆయన మిత్రుల వద్ద వాపోయేవారు. అయినప్పటికీ ఆయన పనిచేసే గని మూతపడి గోదావరిఖనికి బదిలీ అయినప్పుడు, “నువ్వు దవాఖాన ఇడిశిపెట్టకు. నేనే ఆదివారం ఆదివారం వస్త” అని ధైర్యం చెప్పినవారు కూడా ఆయనే. ఆమె సేవలో సగభాగం అంకయ్య గారిదని ఈ సందర్భంగా సవినయంగా చెప్పుకోవాలి.

గనులు ఒక్కొక్కటిగా మూతపడి కార్మిక కుటుంబాలు తరలిపోవడంతో చందాలు సన్నగిల్లాయి. జీతాలకే కటకటగా ఉన్న రోజుల్లో కరీంనగర్‌కు చెందిన ఒక ధార్మిక సంస్థ ఈ వైద్యశాలను స్వీకరించింది. శస్త్రచికిత్స గది, రక్తపరీక్షల విభాగం, ప్రత్యేక ప్రసూతి వార్డు ఆ కాలంలో వెలిశాయి. తిర్యాణి, జైనూరు కొండ గ్రామాల నుంచి సైతం గర్భిణులు బస్సులెక్కి రాసాగారు. ఉద్యోగంలో ఉంటూనే ఉన్నత శిక్షణ పూర్తిచేసిన సరోజన గారికి ప్రసూతి వార్డు బాధ్యతను అప్పగించారు. ఈనాడు పట్టణంలో తల్లులైనవారిలో ఎందరో ఆమె చేతుల మీదుగా భూమి మీద పడ్డ బిడ్డలే.

మరికొన్నేళ్లకు ఆ ధార్మిక సంస్థ పెద్దలు వృద్ధులై, నిర్వహణను హైదరాబాదుకు చెందిన ఒక వైద్య వ్యాపార సంస్థకు అప్పగించారు. గోడలకు తెల్లని రంగులు, తలుపులకు అద్దాలు వచ్చాయి. వెనుక వీధిలో ఉన్న ద్వారం ప్రధాన రహదారి వైపుకు మారింది. నిర్వాహకునిగా వచ్చిన శ్రీ హరీష్ గారు చురుకైన యువకులు, నిజాయితీపరులు. అయితే ఏ విభాగానికి ఎందరు వస్తున్నారో లెక్కగట్టే ఆయన పద్ధతిలో ఒక వింత బయటపడింది. సౌకర్యాలు పెరుగుతున్న కొద్దీ ప్రసూతి వార్డు ఖాళీ అవుతూ వచ్చింది. ఆ వార్డును మూసివేయాలని సంస్థ నిర్ణయించింది. ఆ సంగతి చెప్పడానికి హరీష్ గారు స్వయంగా వార్డుకు వచ్చారు.

సరోజన గారు వాదించలేదు, కన్నీరు పెట్టలేదు. “ఎందుకు వస్తలేరు సార్?” అని మాత్రం అడిగారు.

“ఫీజులు పెరిగినయ్ కదా మేడం. వేరే ఆసుపత్రులు కూడా వచ్చినయ్” అన్నారు ఆయన.

“కాన్పు ఫీజు మీరు పెంచనే లేదు. డాక్టరమ్మ మారింది కాబట్టి వస్తలేరని నేననుకుంటున్న. మీరొకటంటున్నరు, నేనొకటంటున్న. వచ్చుడు బంద్ జేసినోళ్లను మాత్రం మనం అడగనే లేదు. పోయి అడుగుదామా?”

ఆ మరుసటి ఆదివారం నిర్వాహకులు, నర్సు ఇద్దరూ బస్సులో జైనూరు చేరి, అక్కడి నుంచి ఆటోలో ఒక కొండ గ్రామానికి వెళ్లారు. తొలి కాన్పుకు మన వైద్యశాలకు వచ్చి, రెండవ కాన్పుకు రాని సక్కుబాయి అనే గోండు యువతి ఇల్లు అది. సరోజన గారిని చూడగానే ఆమె మంచం వాల్చి, నీళ్లిచ్చి, చంటిబిడ్డను ఒడిలో పెట్టింది. బిడ్డ ఆరోగ్యంగా ఉన్నాడు. తల్లి ముఖం మాత్రం పాలిపోయి ఉంది. ఇంట్లోనే కాన్పయి, రక్తస్రావం ఆగక, బతుకుతుందో లేదో అన్నంత వరకు వెళ్లి వచ్చిన మనిషి ఆమె.

“మొదటి బిడ్డకు నా దగ్గరికే వస్తివి గదా సక్కూ. ఈసారి ఎందుకు రాలే? డాక్టరమ్మ నచ్చలేదా?” అని అడిగారు సరోజన గారు.

“డాక్టరమ్మ మంచిదే అక్కా.”

“పైసలకు పరేషాన్ అయ్యిందా?” అన్నారు హరీష్ గారు.

“పైసలు జమ చేసి పెట్టుకున్నం సార్. మా అత్త యాడుండాలె? వెనుక రేకుల షెడ్డుంటుండె. ఆడ అత్త గట్క వండి తెచ్చి తినిపిస్తుండె. గిప్పుడు గా షెడ్డు కూలగొట్టిండ్రట. లోపలికి ఒక్కరినే రానిస్తరట, ఆ ఒక్కరు గూడ గంటసేపేనట. మా అత్తకు తెలుగు రాదు. రోడ్డు మీద ఆమె ఎట్లుంటది? అద్దాల లోపల నేనొక్కదాన్ని ఎట్లుంట? ఊళ్లె అందరం గిదే అనుకున్నం.”

కార్లు నిలిపే స్థలం కోసం ఆ షెడ్డును తీయించినది హరీష్ గారే. తీసేసిన నాడు, వార్డులోకి పొగ రావడం తప్పిందని సంతోషించిన వారిలో సరోజన గారు కూడా ఒకరు. ఇద్దరి అంచనాలూ తప్పాయి. తిరుగు ప్రయాణంలో హరీష్ గారు, “మేడం, గట్క అంటే ఏంది?” అని అడిగారు. జొన్న రవ్వతో వండే ఆ గట్కను బాలింతకు ఎందుకు పెడతారో, మనిషి తోడుంటే నొప్పులు ఓర్చుకోవడం ఎట్లా సులువవుతుందో ఆమె బెల్లంపల్లి వచ్చేదాకా చెబుతూనే ఉన్నారు.

సంస్థ ప్రధాన కార్యాలయం కొత్త షెడ్డుకు డబ్బు మంజూరు చేయలేదు గాని, వార్డు మూసివేతను ఒక సంవత్సరం వాయిదా వేయడానికి అంగీకరించింది. హరీష్ గారు తన అధికార పరిధిలో కార్ల స్థలంలో సగభాగాన్ని బంధువులకు విడిచిపెట్టారు. బజారు వర్తకులు రేకులు, స్తంభాలు ఇచ్చారు. పొగ వార్డు వైపు రాకుండా పొయ్యిలను గాలివాలుకు ఎటు పెట్టాలో సరోజన గారు కొండ గ్రామాల స్త్రీలనే అడిగి నిర్ణయించారు. ప్రసవానికి తోడుగా ఒక స్త్రీ ఉండవచ్చునన్న నియమం వచ్చింది. వర్షాకాలం ముగిసేసరికి వార్డు పడకలు నిండాయి. మూసివేత మాట మళ్లీ వినబడలేదు.

అయితే అన్ని కథలూ అంత సుఖంగా ముగియవు. చిన్న పట్టణంలో ఆశించిన లాభం లేదని ఆ సంస్థ కొన్నేళ్లకు తప్పుకుంది. హరీష్ గారు మరో ఊరికి బదిలీ అయ్యారు. తాళం పడుతుందన్న భయంతో సిబ్బంది, పట్టణ పెద్దలు సమావేశమై, గతమంతా తవ్విపోసుకుంటూ తప్పెవరిదని ఘర్షణ పడుతున్న సమయంలో సరోజన గారు లేచి నిలబడ్డారు. “తప్పెవరిదో నిమ్మళంగ తేల్చుకుందాం. నా వార్డుల ముగ్గురు నిండు చూలాండ్లున్నరు. రేపు పొద్దుగాల డ్యూటీకి ఎవరెవరొస్తరు? చేతులెత్తుండ్రి” అన్నారు. ఒక్కొక్క చెయ్యి లేచింది. వైద్యులు, సిబ్బంది, పట్టణ ప్రజలు సభ్యులుగా సహకార సంఘం ఏర్పడి, నేడు మనమంతా పనిచేస్తున్న ఈ వైద్యశాలను నడుపుతున్నది ఆ చేతులే. చందాలతో పుట్టినది మళ్లీ ప్రజల చెంతకే చేరింది.

పదవీ విరమణానంతరం విశ్రాంతి తీసుకుంటారా అని గతవారం అడిగితే, ఆమె ఆశ్చర్యంగా చూశారు. “ఇన్నేండ్లు జైనూరోళ్లను నా భాషల అడిగిన. పాపం, వాళ్లు నా కోసం తెలుగుల జవాబు చెప్పిండ్రు. ఆ ఊళ్లె కాన్పులు చేసే సక్కుబాయి అత్త మాత్రం నాతోని ఒక్క ముచ్చట చెప్పలేకపోయింది. గోండి నేర్చుకుంట. ఆ ముసలవ్వ చేతుల మీద ఎన్ని కాన్పులయినయో, అవి ఎట్ల చేసిందో ఆమె నోటితోనే ఇనాలె” అన్నారు.

సరోజన గారికి ఆ కొండదారులు నడవగల మోకాళ్ల సత్తువను, కొత్త భాషను పట్టుకోగల వినికిడిని, అంకయ్య గారి తోడును, బిడ్డల ఆదరణను భగవంతుడు నిండుగా ప్రసాదించుగాక! నూరేళ్లు చల్లగా ఉండి, ఆ అవ్వ ముందు కూర్చుని, ఆమె భాషలోనే మొదటి ప్రశ్న అడుగుదురుగాక! ఆ జవాబు మాకూ వచ్చి చెప్పాలని కార్మికవాడ ప్రజా వైద్యశాల కుటుంబమంతా కోరుకుంటున్నది.