ఎవరూ ఎక్కని లిఫ్టు

పట్నవాసం మీద వ్యాసాల పుస్తకం ఒళ్లో పెట్టుకుని ఆయన నిట్టూర్చేసరికి, ఆవిడ గరిటె చేతబట్టుకునే వంటింట్లోంచి వచ్చింది.

“ఈయన రాసింది అక్షరసత్యమోయ్! పట్నంలో మనిషిని మనిషి పలకరించడట. వారం నుంచి మన లిఫ్టులో నరమానవుడు కనబడితే ఒట్టు!”

“ఎలా కనబడతారండీ? ఆ పుస్తకం చదివి, ఎక్కినవాళ్లనల్లా ముత్తాతల దాకా ఆరా తీస్తిరి. పలకరింపు కాదది, పీడింపు! మీకు దొరక్కూడదని అందరూ మెట్లెక్కుతున్నారు.”

“మోకాళ్లనొప్పుల పిన్నిగారు కూడానా?”

“ఆవిడే అందరికన్నా ముందు! ఇందాక రొప్పుకుంటూ వచ్చి, ‘మీ ఆయన్ని కాస్త కట్టెయ్యమ్మా’ అని నా చేతులు పట్టుకుంది. నేను తలెత్తుకు తిరగాలా, వద్దా?”

ఆయన ముఖం వెలిగిపోయింది. గబగబా చెప్పులు తొడుక్కున్నాడు.

“ముందే చెప్పొద్దుటోయ్! లిఫ్టయితే అరనిమిషంలో దిగిపోతారు. మెట్లమీదైతే ఐదంతస్తులూ తీరిగ్గా మాట్లాడుకోవచ్చు!”